నలభయ్యో రోజు తీపి

మధ్యాహ్నం రెండు గంటలకు వాడ్సోలో కోర్టు. అంతవరకే సవ్వా, పోలీసు అధికారి మారిత్ ఐరా చేతిలో ఉంటాడు. ఆ తర్వాత అతని మీద గూఢచారి అని ముద్ర పడుతుంది. ముద్ర పడిన సరుకును ఎటు పంపాలో వారం కిందట ఓస్లో నుంచి వచ్చిన భద్రతా విభాగం అధికారి బ్రెక్కె నిర్ణయిస్తాడు. ఎటు పంపుతాడో నార్వే ఉత్తర కొసన ఉన్న ఈ వార్దో పోలీస్ స్టేషన్‌లో అందరికీ తెలుసు. సరిహద్దు అవతల మూర్మాన్స్క్ జైల్లో నార్వే మనిషి ఒకడు రెండేళ్ళుగా ఉన్నాడు. అతన్ని ఇటు తెచ్చుకోవాలంటే ఇటు నుంచి ఒకణ్ణి అటు ఇవ్వాలి. ఆ ఇవ్వబోయేది సవ్వాను.

అటు వెళితే సవ్వా బతకడు. రష్యా సైన్యం నుంచి పారిపోయి, గడ్డకట్టిన నది మీద నడిచి వచ్చి, ఇక్కడ ఆశ్రయం అడిగినవాడు. అలాంటివాళ్ళను వెనక్కి పంపితే అక్కడ ఏం చేస్తారో ఈ తీరంలో ఎవరూ ఎవరికీ చెప్పనక్కర్లేదు.

మారిత్‌కు రష్యన్ వచ్చు. ఆమె తండ్రి రేవులో చేపల వ్యాపారి. ఆయన రష్యా ఓడలవాళ్ళతో బేరమాడుతుంటే పక్కన నిలబడి నేర్చుకుంది. నేర్చుకున్నది భాష ఒక్కటే కాదు. మొప్ప ఎత్తి చూడకుండా చేపకు ధర చెప్పకూడదని, అమ్మేవాడు తొందరపడుతుంటే కొనేవాడు నింపాదిగా కూర్చోవాలని కూడా నేర్చుకుంది. పోలీసు ఉద్యోగంలో చట్టం పుస్తకాలకన్నా ఆ రెండే ఆమెకు ఎక్కువ పనికొచ్చాయి. ఈ కేసులో బ్రెక్కె తొందరపడుతున్నాడు. అందుకే ఆమె సవ్వా ఎదురుగా కుర్చీ లాక్కుని కూర్చుంది.

కిటికీ బయట ఇంకా చీకటే. జనవరిలో వార్దోకు పగలంటే పదకొండు దాటాక కాసేపు కనిపించే బూడిద రంగు, అంతే.

"నువ్వు పనిచేసే షెడ్డులో నేల పలక కింద పెట్టె దొరికింది సవ్వా. కొండ మీది రాడార్ సిగ్నళ్ళు పట్టి దాచుకునే పెట్టె. నీది కాదంటున్నావు."

"కాదమ్మా."

"మరి ఎవరిది?"

"తెలిస్తే మొన్ననే మీకు చెప్పి ఇంటికి పోయి పడుకునేవాణ్ణి. మీ బల్ల మీద నిద్ర పట్టడం లేదు."

తలుపు దగ్గర నిలబడ్డ కానిస్టేబుల్ ఓడ్వార్ నవ్వు ఆపుకున్నాడు. అతనికి రష్యన్ పెద్దగా రాదు గాని బల్ల అన్న మాట అర్థమయింది. రెండేళ్ళలో పెన్షన్ తీసుకోబోయే మనిషి. ఆ బల్ల మీద తన పాత దుప్పటి పరిచింది అతనే.

"ఆ పలక ఎప్పుడైనా ఎత్తావా?" మారిత్ అడిగింది.

"ప్రతి సోమవారం ఎత్తుతాను. గాలాలకు ఎర గుచ్చుతుంటే చేప ముక్కలు సందుల్లోంచి కిందికి పోతాయి. కడగకపోతే పురుగులు పడతాయి."

"ఈ సోమవారం?"

"ఎత్తాను. నీళ్ళు కొట్టాను. కింద రాళ్ళు తప్ప ఏమీ లేవు."

"మంగళవారం సాయంత్రం ఎవరో పేరు చెప్పకుండా ఫోన్ చేశారు, పెట్టె దొరికింది. మధ్యలో షెడ్డులోకి ఎవరెవరొచ్చారు?"

"ఇది ఆ ఓస్లో ఆయన కూడా అడిగాడు. చెబితే రాసుకోలేదు."

"నేను రాసుకుంటాను. చెప్పు."

"మంగళవారం మా అమ్మ పోయి నలభయ్యో రోజు." సవ్వా చేతులు ఒళ్ళో దాచుకున్నాడు. ఎంత కడిగినా ఆ చేతుల నుంచి ఎర వాసన పోదు, గదంతా అదే. "మా వైపు ఆ రోజు పోయినవాళ్ళ పేరు మీద తీపి పంచుతాం. ఇంట్లోవాళ్ళకి, వీధిలోవాళ్ళకి, ఎదురైనవాళ్ళకి. ఇక్కడ నాకు ఇల్లూ లేదు, వీధీ లేదు. కొట్లో చక్కెర బిళ్ళలూ బిస్కెట్లూ కొన్నాను. షెడ్డుకు వచ్చినవాళ్ళకి ఇచ్చాను. ముగ్గురొచ్చారు."

"మొదట ఎవరు?"

"చేపల ఫ్యాక్టరీ మేస్త్రీ. తాళ్ళు ఎంతవరకు వచ్చాయో చూడ్డానికి. బిళ్ళ ఇస్తే థాంక్స్ అన్నాడు, పుట్టినరోజా అని అడిగాడు. నాకు వచ్చిన నార్వే మాటల్లో అమ్మ, నలభై రోజులు అన్నాను. అమ్మకు నలభై ఏళ్ళా, చిన్నదేనే అన్నాడు."

మారిత్ నవ్వలేదు. "తర్వాత?"

"కాఫీ కొట్టు ఆవిడ. బిళ్ళ తీసుకుని రెండుసార్లు థాంక్స్ చెప్పింది. నన్ను కావలించుకుంది కూడా. మంచావిడ. మూడోవాడు పక్షులాయన."

పక్షులాయన అంటే హాఫ్నర్. ఆస్ట్రియా నుంచి వచ్చి తొమ్మిదేళ్ళుగా వార్దోలో అతిథిగృహం నడుపుతున్నాడు. వేసవిలో పక్షులు చూడ్డానికి వచ్చేవాళ్ళను పడవలో తిప్పుతాడు. చలికాలంలో ఊళ్ళో ఇంకే హోటలూ తెరిచి ఉండదు కాబట్టి వచ్చినవాడెవడైనా ఆయన ఇంట్లోనే దిగాలి.

"ఆయనకు షెడ్డులో ఏం పని?"

"పాడైపోయిన ఎర కావాలని బకెట్ తెచ్చుకుంటాడు. పక్షులకు వేస్తాడట. నేను వెనక చల్లగదిలోకి వెళ్ళి నింపి తెచ్చాను. వెళ్ళేటప్పుడు బిళ్ళలిచ్చాను." సవ్వా తల ఎత్తాడు. "ఆయనొక్కడే సరిగ్గా తీసుకున్నాడు."

మారిత్ పెన్ను కాగితం మీదే ఆగింది. "సరిగ్గా అంటే?"

"టోపీ తీశాడు. పేరేమిటి అని నార్వే మాటల్లోనే అడిగాడు. ఉల్యానా అని చెప్పాను. ఒక బిళ్ళ అక్కడే నోట్లో వేసుకున్నాడు, తక్కినవి జేబులో పెట్టుకుని వెళ్ళిపోయాడు."

"అంతేనా?"

"అంతే. థాంక్స్ చెప్పలేదు."

"అది మర్యాద కాదుగా."

"అదే మర్యాదమ్మా. పోయినవాళ్ళ పేరున ఇచ్చినదానికి థాంక్స్ చెప్పకూడదు. ఇచ్చింది నేను కాదు కదా, మా అమ్మ. ఆమెకు ఎలా చెబుతారు? పేరు అడిగి తలుచుకోవాలి, తినాలి. మా ఊళ్ళో చిన్నప్పుడు నేను ఒకసారి నోరుజారి థాంక్స్ అంటే మా అమ్మమ్మ నెత్తిన మొట్టింది. మళ్ళీ జన్మలో అనను." అతని మొహంలో మొన్నటి నుంచి మొదటిసారిగా కొంచెం వెలుగు వచ్చింది. "ఇన్నాళ్ళలో ఆ రోజే కాస్త నెమ్మదిగా అనిపించింది. ఒక్కడైనా మా అమ్మను తలుచుకున్నాడనుకున్నాను."

మారిత్ హాఫ్నర్‌ను తొమ్మిదేళ్ళుగా చూస్తోంది. తలుపు తీసి పట్టుకుంటే థాంక్స్. కొట్లో చిల్లర తిరిగిస్తే థాంక్స్. ఒకసారి వేగంగా నడిపాడని ఆమె జరిమానా రాసిచ్చింది, దానికీ థాంక్స్ చెప్పి చీటీ మడిచి జేబులో పెట్టుకున్నాడు. అలాంటి మనిషి నోరు ఒక్క చోట మూతపడింది. చిన్నప్పుడు ఎవరో నెత్తిన మొట్టి నేర్పితే తప్ప అలా మూతపడదు. తొమ్మిదేళ్ళ వేషంలో అన్నీ గుర్తుపెట్టుకున్నవాడు, ఎదుటివాడి తల్లి చావు దగ్గర తాను ఆస్ట్రియావాణ్ణన్న సంగతి మరిచిపోయాడు.

ఆమె మొహం చూసి సవ్వాకు భయం పట్టుకుంది. "నేనేం చెప్పాను?"

"ఏమీ చెప్పలేదు."

"ఆయన గురించా? వద్దమ్మా." అతను తల అడ్డంగా ఊపాడు. "ఆయనొక్కడే మా అమ్మ పేరు అడిగాడు. అది కూడా తీసేసుకుంటారా నా దగ్గర?"

మారిత్ కాగితాలు సర్దుకుంది. లేచి ఓడ్వార్ భుజం తట్టి బయటికి వచ్చింది.

*

ఎర షెడ్డులోకి వచ్చేముందు బ్రెక్కె మెడకు చుట్టుకున్న ఉన్ని మఫ్లర్‌ను ముక్కు మీదికి లాక్కున్నాడు. పొడుగు మనిషి, మాట నెమ్మది. ఆ నెమ్మదిలో ఎదుటివాణ్ణి చిన్నపిల్లను చేసే గుణం ఉంది.

"పదకొండుకు మంచు తోసే లారీ బయల్దేరుతుంది," అన్నాడు. "రోడ్డంతా మూసుకుపోయింది. దాని వెనక వరసలో వెళ్ళకపోతే ఇవాళ వాడ్సో చేరలేం. మీ వాళ్ళు ఖైదీతో ముందే రోడ్డు గేటు దగ్గరికి వెళ్తున్నారు. నన్ను ఈ కంపులోకి ఎందుకు పిలిచారో చెప్పండి మారిత్ గారూ. క్లుప్తంగా."

"ఆ కంపు కోసమే పిలిచాను."

షెడ్డులో పొడుగాటి బల్ల, దాని మీద తొట్లలో చుట్టలు చుట్టిన గాలపు తాళ్ళు. గోడలకు, తాళ్ళకు, దీపం బుడ్డికి కూడా కుళ్ళిన చేప జిడ్డు. మారిత్ బల్ల పక్కన మోకాళ్ళ మీద కూర్చుని పలక ఎత్తింది. కింద తడి రాళ్ళు, వాటి మధ్య అరచేతి మేర ఖాళీ.

"పెట్టె ఇక్కడ ఉంది. గుడ్డ సంచిలో. అందులో ఎన్నాళ్ళ సిగ్నళ్ళున్నాయన్నారు మీ నిపుణులు?"

"ఆరు వారాలవి."

"అంటే ఆరు వారాలు ఇక్కడే ఉన్నట్టు."

"ఇక్కడే దొరికింది కాబట్టి ఇక్కడే ఉన్నట్టు. ఇందులో కష్టమేముంది?"

"మీ మఫ్లర్ తీసి వాసన చూడండి."

ఆమె చెయ్యి చాచింది. చివరికి బ్రెక్కె దాన్ని తీసి, ముక్కు దగ్గర పెట్టుకుని, మొహం పక్కకు తిప్పుకున్నాడు.

"వచ్చి కాసేపే అయింది," మారిత్ అంది. "అప్పుడే పట్టేసింది. దాన్ని ఎన్నిసార్లు ఉతికినా మీ ఆవిడ మీ పక్కన కూర్చోదు. ఆరు వారాలు ఇక్కడున్న గుడ్డ సంచి ఎలా ఉండాలి? మంగళవారం దాన్ని పైకి తీసి మీ చేతికిచ్చింది నేనే. దానికి వాసన దాదాపు లేదు. సోమవారం కడిగిన రాళ్ళ మీద ఒక్క పూట ఉన్నట్టు అడుగున కొంచెం చెమ్మ తగిలింది, అంతే. ఆ సంగతి అప్పుడు నాకు తట్టలేదు, ఇవాళ తట్టింది. సవ్వా చేతులు ఒక్కసారి తగిలినా ఆ సంచి వాసన కొట్టేది."

"కోర్టులో ఇది చెబుతారా? వాసన రాలేదు కాబట్టి వదిలేయండి అని?"

"సంచికి వేసిన సీలు జడ్జి ముందు విప్పించండి. ఆయనకూ ముక్కుంది."

బ్రెక్కె మఫ్లర్‌ను జేబులో కుక్కుకున్నాడు. "వినండి. మూర్మాన్స్క్‌లో ఉన్న మనిషికి అరవై మూడేళ్ళు. మూత్రపిండాలు పాడయ్యాయి. ఆయన కూతురు ప్రతి ఆదివారం నాకు ఫోన్ చేస్తుంది. ఏమీ అడగదు. ఎలా ఉన్నారు అని నన్ను అడుగుతుంది, పెట్టేస్తుంది. వచ్చే చలికాలం దాకా ఆయన ఉండడు. ఒక చేత్తో ఒకణ్ణి ఇచ్చి ఇంకో చేత్తో ఒకణ్ణి తెచ్చుకునే అవకాశం నాకు రెండేళ్ళలో ఇప్పుడొచ్చింది. మీరు నాకు చేపల వాసన గురించి చెబుతున్నారు."

అందులో అబద్ధమేమీ లేదని మారిత్‌కు తెలుసు. ఇతను దుర్మార్గుడైతే పని తేలికయ్యేది.

"ఇంకొకటి ఉంది," అంది. "మంగళవారం సవ్వా తల్లి పేరున తీపి పంచాడు. ముగ్గురు తీసుకున్నారు. ఇద్దరు థాంక్స్ చెప్పారు. ఒకతను చెప్పలేదు. పోయినవాళ్ళ తీపికి థాంక్స్ చెప్పకూడదన్నది రష్యావాళ్ళ పద్ధతి. ఆ మనిషి తనకు రష్యన్ ఒక్క ముక్క కూడా రాదని చెప్పుకుంటాడు."

"ఎవరు?"

ఆమె పేరు చెప్పలేదు. కొనేవాడు ఇంకా వెక్కిరిస్తుండగా బుట్టలో సరుకంతా బయట పెట్టడం ఆమెకు అలవాటు లేదు. ముందు వాసన ఒప్పుకోనీ, తర్వాత పేరు ఇద్దామనుకుంది.

"ముందు కోర్టుకు గడువు అడగండి. అప్పుడు చెబుతాను."

బ్రెక్కె జేబులోంచి ఫోన్ తీసి ఓడ్వార్ నంబరు నొక్కాడు. స్పీకర్ పెట్టాడు, ఆమె వినాలనే.

"ఎక్కడున్నారు?"

"రేవు దాటుతున్నాం." ఓడ్వార్ గొంతు వెనక కారు హీటర్ మోత. "వేడిగా, హాయిగా ఉంది. మన కారులో ఇలా ఎప్పుడుందో గుర్తులేదు."

"మారిత్ ఫోన్ చేసి ఆగమంటే ఆగొద్దు. ఈవిడ కొత్త కథ తెచ్చింది. ఎవడో ఈ సవ్వా ఇచ్చిన మిఠాయి తిని థాంక్స్ చెప్పలేదట. కాబట్టి రష్యా గూఢచారి వాడేనట. మీ ఊళ్ళో థాంక్స్ చెప్పనివాళ్ళందరినీ పట్టుకోవాలంటే జైలు చాలదు."

ఓడ్వార్ గట్టిగా నవ్వాడు. "నా పెళ్ళాన్ని పట్టుకోండి మొదట." ఆ నవ్వుతోనే ఫోన్ ఆగింది.

మారిత్ కోపం మింగింది. బేరం చెడిపోయేది కోపంలోనే. పలక మీద చెయ్యి పెట్టి అడిగింది, "మీరు సవ్వా పేరు అవతలివాళ్ళకు ఎప్పుడు చెప్పారు?"

"పట్టుకున్న రాత్రే."

"ఒప్పుకోడానికి ఎన్నాళ్ళు తీసుకున్నారు?"

"తెల్లారేసరికి కబురొచ్చింది."

"ఈ రెండేళ్ళలో ఎంతమందిని ఇస్తామన్నారు మీరు?"

"ఇద్దరిని. మొదటివాడికి ఆరు నెలలు సాగదీసి వద్దన్నారు. రెండోవాడికి ఇంకా జవాబే లేదు."

"నిజమైన గూఢచారులకు ఆరు నెలలు. సవ్వాకు ఒక్క రాత్రి. వాళ్ళ మనిషి కాదని వాళ్ళకు తెలీదా? మీకంటే బాగా తెలుసు. పారిపోయిన ఒక సైనికుడి కోసం మూర్మాన్స్క్‌లో చేతికి చిక్కినవాణ్ణి వదులుకుంటారా? బేరమాడకుండా కొంటున్నారంటే వాళ్ళ లాభం ఇంకోచోట ఉంది. గూఢచారి దొరికాడు, కేసు మూసేశారు, ఇంకెవరూ వెతకరు. అదీ వాళ్ళ లాభం. ఇక్కడ ఉన్నవాడు హాయిగా ఉంటాడు."

ఈసారి బ్రెక్కె వెనక చల్లగది దాకా వెళ్ళాడు. గుమ్మంలో నిలబడి, తర్వాత లోపలికి వెళ్ళి, అక్కడి నుంచి అన్నాడు, "ఇక్కడి నుంచి ఆ పలక కనిపించదు."

"కనిపించదు. సవ్వా బకెట్ నింపింది అక్కడే."

"బకెట్ ఎవరికి?" బయటికి వచ్చాడు. గొంతులో ఎగతాళి పోయింది. "ఆ రోజు సాయంత్రం ఫోన్ చేసి షెడ్డు పేరు చెప్పినవాడు తన పేరు చెప్పలేదు. సరే. కాని మాకు మార్పిడికి ఒక మనిషి కావాలని వాడికెలా తెలుసు? ఆ మాట నేను ఆఫీసుతో తప్ప ఎవరితోనూ అనలేదు."

"ఎక్కడ నుంచి మాట్లాడేవారు ఆఫీసుతో?"

"నా గదిలోంచి."

"గోడలు ఎలా ఉంటాయి ఆ అతిథిగృహంలో?"

"చెక్కవి. అందరివీ చెక్కవే కదా ఇక్కడ." బ్రెక్కె ఆమె మొహంలోకి చూశాడు. "ఎవరా మనిషి?"

"హాఫ్నర్."

బ్రెక్కె బల్ల అంచు పట్టుకున్నాడు. జిడ్డు చేతికి అంటుకున్నా తీయలేదు.

"ఏమైంది?" అంది మారిత్. అడుగుతుండగానే ఆమెకు ఇంకో మాట గుర్తొచ్చింది. స్టేషన్ కారు వాడ్సోలో బాగుకు ఇచ్చి ఉంది. "వాళ్ళు ఎవరి కారులో వెళ్ళారు? చేపల కంపెనీ వ్యాను కాదా?"

"ఆయన జీపు," బ్రెక్కె అన్నాడు. "పొద్దున టిఫిన్ దగ్గర తనే అన్నాడు. మీ కారు లేదుగా, నాది పెద్దది, నేనే తీసుకెళ్తాను అని. నేను థాంక్స్ చెప్పాను."

"నడుపుతున్నది ఆయనేనా?"

"ఆయనే."

ఓడ్వార్ ఫోన్ ఎప్పుడూ స్పీకర్‌లోనే ఉంటుంది. అంటే ఇందాక ఫోన్‌లో బ్రెక్కె వెక్కిరించిన ప్రతి మాటా హాఫ్నర్ పక్క సీట్లోంచి విన్నాడు. పేరు ఒక్కటి తప్ప అన్నీ విన్నాడు. ఆ పేరు ఆయనకు ఎవరూ చెప్పనక్కర్లేదు. మారిత్ ముందే పేరు చెప్పి ఉంటే బ్రెక్కె ఆ ఫోన్ చేసేవాడు కాదు. అతను ఆ ఫోన్ చేయకపోతే తాను దాచిన పేరుకు నష్టమేమీ ఉండేది కాదు. ఇద్దరి తెలివీ కలిపి ఒక మనిషిని అమ్మేశారు. మారిత్ ఆ లెక్కను అక్కడే ఆపింది. ఇప్పుడు దానివల్ల పైసా ఉపయోగం లేదు.

రోడ్డు గేటు దగ్గరి మనిషికి ఫోన్ చేసింది.

"హాఫ్నర్ జీపు వచ్చిందా?"

"రాలేదే. నాలుగు కార్లొచ్చాయి, లారీ వెనక పంపేస్తున్నాను. ఓడ్వార్ వస్తాడని కాసేపు ఆపాను కూడా. కాఫీ తాగి నిద్రపోయాడేమో."

ఆమె ఫోన్ పెట్టేసి షెడ్డు తలుపు తీసింది. బయట బూడిద వెలుతురు వచ్చింది. రాత్రి గాలి పూర్తిగా పడిపోయింది, నీళ్ళు నూనెలా కదలకుండా ఉన్నాయి. పడవల వరసలో ఒకచోట ఖాళీ ఉంది. ఆ ఖాళీ పక్కన, మంచులో, పెద్ద జీపు తలుపులు తెరిచి నిలబడి ఉంది.

బ్రెక్కె పరిగెత్తబోయాడు. ఆమె అతని చెయ్యి పట్టుకుని ఆపి, ఓడ్వార్ నంబరు నొక్కింది. రెండో మోతకే ఎత్తారు.

"మారిత్ గారూ," అన్నాడు హాఫ్నర్. వెనక ఇంజను చప్పుడు. గొంతు రోజూలాగే మెత్తగా, మర్యాదగా ఉంది. "మీరే చేస్తారనుకున్నాను. ఓస్లో అయ్యగారు చేస్తే ఎత్తేవాణ్ణి కాదు."

"ఓడ్వార్ ఏడి?"

"ఇక్కడే. సవ్వా కూడా. ఇద్దరూ బాగున్నారు. నా దగ్గర తుపాకి ఉంది, ఓడ్వార్ దగ్గర లేదు, అందుకని గొడవేమీ జరగలేదు. చలి ఎక్కువగా ఉంది గాని నా దుప్పట్లు ఇచ్చాను."

"వెనక్కి తిప్పండి. ఇంతవరకు ఎవరికీ దెబ్బ తగల్లేదు. ఇక్కడితో ఆగితే మీకు పడేది కొన్నేళ్ళు. ఆ తర్వాత మీవాళ్ళే మిమ్మల్ని అడిగి తీసుకెళ్తారు."

"తొమ్మిదేళ్ళు సరిపోయాయండి. ఇంక ఇంటికి వెళ్తాను." ఇంజను చప్పుడు కాస్త తగ్గింది. "మీరు బేరం తెలిసినవాళ్ళు, కాబట్టి సూటిగా చెబుతాను. బయట మావాళ్ళ ఓడ ఒకటి ఉంది. అక్కడికి చేరేదాకా మీ తీర గస్తీవాళ్ళు నన్ను ఆపకూడదు. ఆపకుండా ఉండాలంటే నా పక్కన ఒక మనిషి ఉండాలి. ఒకడు చాలు. ఇద్దరైతే చూసుకోవడం కష్టం. హోర్నోయా దీవి గట్టు దగ్గర ఒకరిని దింపేస్తాను. దీపస్తంభం గదిలో పొయ్యి ఉంది, మీరు వచ్చేదాకా బతుకుతారు."

"రెండోవాడు?"

"నాతో వస్తాడు. ఓడ్వార్ అయితే మూర్మాన్స్క్‌లో మీ మనుషులు ఇద్దరవుతారు. ఎప్పటికో విడిపించుకుంటారు, ఆయన ఆరోగ్యం నిలిస్తే. సవ్వా అయితే ఏమవుతుందో మీకు తెలుసు. కాని ఒక రష్యావాడి కోసం మీ గస్తీవాళ్ళు ఆగుతారా లేదా అన్నది నాకు అనుమానం. ఆగకపోతే ఎవరికీ మంచిది కాదు. అదీ మీరే చూసుకోవాలి."

బ్రెక్కె తన ఫోన్ తీశాడు, గస్తీ నంబరు కోసం. మారిత్ ఆ ఫోన్ మీద అరచెయ్యి అడ్డంగా పెట్టింది.

"సవ్వాకు ఫోన్ ఇవ్వండి," అంది.

"ఇవ్వను. నేను కూడా ఒక తల్లి కొడుకునేనని నాకు ఇంకా గుర్తుంది మారిత్ గారూ, అందుకే ఎంచుకునే పని నేను పెట్టుకోలేదు. గట్టు కనిపిస్తోంది. ఇద్దరిలో ఎవరిని దింపమంటారో చెప్పండి."

ఇంజను చప్పుడు దాదాపు ఆగిపోయింది. ఫోన్‌లోంచి నీళ్ళు పడవను తట్టే చప్పుడు, దాని వెనక ఓడ్వార్ గొంతు వినిపించాయి. మాటలు తెలియలేదు.

"ఓడ్వార్ దింపడానికి తన పేరే చెప్పమంటున్నాడు," హాఫ్నర్ అన్నాడు. "ఇంట్లో ఆవిడకు ఒంట్లో బాగాలేదట, మీకు తెలుసట. సవ్వా ఏమీ అడగడం లేదు."